పరిణామ జీవశాస్త్రానికీ కంప్యూటర్ సైన్సుకీ అసలు చుట్టరికం ఎక్కడుంది?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీరు కంప్యూటర్ సైన్స్ మూడో ఏడు చదువుతున్నారు. తరగతిలో, పరిష్కారాల గుంపును జీవుల్లా తరతరాలుగా మారుస్తూ మెరుగైనవాటిని ఉంచుకునే జెనెటిక్ అల్గారిథమ్‌లు చెప్పారు. క్రోమోజోము, మ్యుటేషన్ (యాదృచ్ఛిక మార్పు), క్రాసోవర్ (రెండు పరిష్కారాల ముక్కలను కలపడం), ఫిట్‌నెస్ (పరిష్కారం ఎంత బాగుందో చెప్పే అంకె) అన్నీ విన్నాక, 'ఇందులో నిజంగా జీవశాస్త్రం ఉందా, పేర్లు మాత్రమే అరువు తెచ్చుకున్నారా?' అని అనుమానం వచ్చింది. నిజంగా ఉంటే ఎక్కడ మొదలుపెట్టాలో చెప్పమన్నారు.

అనుమానం న్యాయమైనదే. జెనెటిక్ అల్గారిథమ్‌లో ఉన్న జీవశాస్త్రం చాలా తక్కువ. అయితే సంబంధాన్ని అక్కడే వెతికి తేల్చేస్తే గుమ్మం దాకా వచ్చి వెనక్కి వెళ్లిపోయినట్టు అవుతుంది. నేను ఇరవై ఏళ్లకు పైగా జీవశాస్త్రజ్ఞులతో కలిసి జన్యుక్రమాలను పోల్చే ప్రోగ్రాములు రాస్తున్నాను. ఇన్నేళ్లలో నాకు స్థిరపడిన అభిప్రాయం ఒకటుంది. ఈ రెండు శాస్త్రాలకూ ఒకే లెక్క ఎదురైంది: తప్పులతో నకలయ్యే సమాచారం, ముందుచూపు లేని వెతుకులాట, హద్దున్న కాలం. ఈ మూడూ కలిసినచోట 'ఇది ఎన్ని అడుగుల్లో జరుగుతుంది?' అనే ప్రశ్న పుడుతుంది. ఆ ప్రశ్న డార్విన్ కాలం నుంచీ ఉంది. దానికి లెక్క కట్టే పనిముట్లు చాలావరకు మన వైపు, అంటే కంప్యూటర్ సైన్సులో, తయారయ్యాయి.

ముందు మీకు తెలిసిన దానితోనే మొదలుపెడతాను. 1964లో బెర్లిన్‌లో ఇంగో రెషెన్‌బెర్గ్ ఒక విండ్ టన్నెల్‌లో చిన్న పలకలను ఐదు కీళ్లతో కలిపి నిలబెట్టాడు. ఒక్కో కీలుకు 51 స్థానాలు. మొత్తం అమరికలు 34 కోట్ల 50 లక్షలకు పైనే. గాలి నిరోధం అతి తక్కువగా ఉండే అమరిక కావాలి. అతను చేసిందల్లా కోణాలను యాదృచ్ఛికంగా కొద్దికొద్దిగా మార్చడం, నిరోధం తగ్గితే కొత్త అమరికను ఉంచుకోవడం, లేకపోతే పాతదానికి వెళ్లడం. కొన్ని వందల ప్రయోగాల్లోనే వంకరటింకర పలక దాదాపు చదునైపోయింది. అదే సరైన జవాబని ముందే తెలుసు కాబట్టి పద్ధతి పనిచేస్తోందని నమ్మకం కుదిరింది. ఇందులో జనాభా లేదు, క్రాసోవర్ లేదు. ఒక తల్లి, ఒక బిడ్డ, ఒక పోలిక. అమెరికాలో జాన్ హాలండ్ జనాభానూ క్రాసోవర్‌నూ మధ్యలో పెట్టి కట్టిన సిద్ధాంతం పుస్తకంగా వచ్చింది 1975లో. మీ పాఠంలో ఉన్నది దాని వారసత్వమే.

ఇంజినీరింగ్ పనిముట్టుగా దీని విలువ గురించి నా అభిప్రాయం సూటిగా చెబుతాను. సమస్యకు వాలు దొరికితే, అంటే ఎటు కదిలితే మెరుగో లెక్కగట్టగలిగితే, జెనెటిక్ అల్గారిథమ్ జోలికి వెళ్లకండి. నా చేతికి వచ్చిన చాలా సమస్యల్లో, వేర్వేరు చోట్ల నుంచి మళ్లీ మళ్లీ మొదలయ్యే మామూలు హిల్ క్లైంబింగే (మెరుగైన పొరుగు పరిష్కారానికి కదులుతూ పోవడమే) దానికి సరితూగింది. అన్ని రకాల సమస్యల మీదా సగటు తీస్తే ఏ వెతుకులాట పద్ధతీ మరోదాన్ని మించదని వోల్పర్ట్, మెక్రెడీ 1997లో రుజువు చేశారు కూడా. వాలు దొరకని, మనిషి ఊహకు అందని ఆకారాలు కావలసిన చోట మాత్రం ఇది అద్భుతంగా పనిచేస్తుంది. 2006లో నాసా ప్రయోగించిన ఎస్‌టీ5 చిన్న ఉపగ్రహాలకు ఇలా పుట్టిన యాంటెన్నాలే అమర్చారు. వంకర్లు తిరిగిన తీగ ముక్కలా ఉంటుంది. చేత్తో ఎవరూ అలా గీయరు.

ఇక అసలు విషయం. నాకు అన్నిటికంటే లోతుగా అనిపించే కథ 1948 నాటిది. ఒక యంత్రం తనంత జటిలమైన మరో యంత్రాన్ని తయారుచేయగలదా అని జాన్ వాన్ న్యూమన్ అడిగాడు. ఇందులో చిక్కుంది. తనను తయారుచేసే వర్ణన యంత్రం లోపల ఉండాలంటే, ఆ వర్ణనలో ఆ వర్ణన గురించిన వర్ణన కూడా ఉండాలి, దాని లోపల మళ్లీ ఇంకొకటి, ఇలా అంతు ఉండదు. వాన్ న్యూమన్ చూపిన దారి ఇది: ఒకే టేపును రెండు రకాలుగా వాడాలి. ఒకసారి దాన్ని ఆదేశాలుగా చదివి బిడ్డ యంత్రాన్ని కట్టాలి. రెండోసారి అందులో ఏముందో పట్టించుకోకుండా అక్షరం అక్షరం నకలు తీసి బిడ్డ చేతికి ఇవ్వాలి. డీఎన్‌ఏ నిర్మాణం బయటపడింది 1953లో. కణంలో జరిగేది సరిగ్గా ఇదే అని ఆ తర్వాత తేలింది. రైబోజోము ఆ సందేశాన్ని అర్థంతో చదివి ప్రొటీన్ కడుతుంది. పాలిమరేజ్ అర్థంతో పనిలేకుండా నకలు తీస్తుంది. సూక్ష్మదర్శిని ముట్టకుండా, తర్కంతోనే వారసత్వం ఎలా ఉండి తీరాలో ఒకాయన చెప్పాడన్నమాట. దీని నుంచి పరిణామం కూడా వస్తుంది: శరీరంలో జరిగిన పొరపాటు ఆ శరీరంతోనే పోతుంది, టేపులో జరిగిన పొరపాటు తరాల పాటు సాగుతుంది.

ఇక్కడే ఒక జాగ్రత్త చెప్పాలి. 'డీఎన్‌ఏ అంటే ప్రోగ్రామ్' అనే మాటను మన వాళ్లు తేలిగ్గా వాడేస్తారు. నేను వాడను. మన ప్రోగ్రామ్‌ను నడిపే యంత్రం వేరుగా ఉంటుంది. కణంలో టేపును చదివే యంత్రం కూడా ఆ టేపు నుంచి పుట్టినదే. అదీకాక మనం రాసిన కోడ్‌లో ఒక అక్షరం మారిస్తే సాధారణంగా మొత్తం కూలిపోతుంది. జన్యు సంకేతంలో మూడక్షరాల పదాలు 64 ఉంటే అవి సూచించే అమైనో ఆమ్లాలు 20. చాలాచోట్ల మూడో అక్షరం మారినా అమైనో ఆమ్లం మారదు. మారినా తరచు పాతదానికి దగ్గరి గుణాలున్నదే వస్తుంది. చిన్న మార్పుకు చాలాసార్లు చిన్న ఫలితమే ఉండటం అనే ఈ గుణం లేకపోతే గుడ్డి వెతుకులాట ఎక్కడికీ చేరదు. మన ప్రోగ్రామింగ్ భాషలకు ఆ గుణం లేదు. ప్రోగ్రాములను పరిణామంతో పుట్టించడం ఎందుకంత కష్టమో అర్థం కావాలంటే ఇక్కడ ఆలోచించాలి.

నకలు తీసేటప్పుడు తప్పులు వస్తాయన్న మాట నుంచే నా సొంత వృత్తి పుట్టింది. ఒక పాత కావ్యాన్ని చేత్తో నకలు తీసిన ప్రతులు పది దొరికాయనుకోండి. మూలప్రతి పోయింది. పరిష్కర్త ఏం చేస్తాడు? పాఠభేదాలు పక్కపక్కన పెట్టి చూస్తాడు. మూడు ప్రతుల్లో ఒకే వింత తప్పు ఉంటే అవి మూడూ ఒకే ప్రతి నుంచి దిగాయని అనుకుంటాడు. అలా ప్రతుల వంశవృక్షం గీసి, పోయిన మూలానికి వీలైనంత దగ్గరగా వెళ్తాడు. జీవుల చరిత్రను వెలికితీసేదీ ఇదే పద్ధతిలో. మనుషుల్లో ప్రతి బిడ్డా తల్లిదండ్రుల్లో లేని కొత్త మార్పులు సుమారు 60, 70 మోసుకొస్తుంది. ఆ మార్పులే మనకు పాఠభేదాలు. తప్పు లేకుండా నకలయ్యే ప్రపంచంలో చరిత్ర ఆనవాలు కూడా మిగలదు.

పోల్చాలంటే ముందు ఏ అక్షరం ఎదురుగా ఏది ఉండాలో తేల్చాలి. 1965లో లెవెన్‌స్టైన్ రెండు పదాల మధ్య దూరాన్ని చేర్పులు, తీసివేతలు, మార్పుల సంఖ్యగా నిర్వచించాడు. 1970లో నీడిల్‌మన్, వున్ష్ ప్రొటీన్ల కోసం దాదాపు అదే డైనమిక్ ప్రోగ్రామింగ్ పట్టికను (చిన్న ముక్కల జవాబులు దాచుకుని పెద్దదాన్ని తేల్చే పట్టికను) కట్టారు. మీరు పరీక్షకు చదివే పట్టికే అది. తేడా ఖర్చుల్లో ఉంది. ఒక అమైనో ఆమ్లం మరోదానిగా మారడానికి ఎంత ఖర్చు వేయాలన్నది మన ఇష్టం కాదు. మార్గరెట్ డేహాఫ్ దగ్గరి సంబంధమున్న ప్రొటీన్లలో నిజంగా జరిగిన మార్పులను లెక్కపెట్టి ఆ సంఖ్యలు తయారుచేసింది. అందుకే అలైన్‌మెంట్ (ఇలా ఎదురెదురుగా పేర్చిన అమరిక) స్కోరు ఒక ప్రతిపాదనకు బలం: ఈ రెండూ ఒకే పూర్వీకుడి నుంచి వచ్చాయా, లేక యాదృచ్ఛికంగా పోలాయా? ఆ అర్థం తెలియకుండా స్కోర్లు వాడేవాళ్లు చేసే తప్పులు సరిచేయడానికి నా సమయం చాలా పోయింది. ఆ తర్వాత 1990లో, పోలిన జన్యుక్రమాలను వెతికిపెట్టే బ్లాస్ట్ అనే ప్రోగ్రామ్ వచ్చింది. కచ్చితమైన జవాబు దొరుకుతుందన్న హామీని వదులుకుని వేగాన్ని ఎంచుకుంది. ఫైళ్లు కుదించడానికి 1994లో పుట్టిన బరోస్-వీలర్ మార్పిడి, మానవ జన్యుక్రమంలోని 300 కోట్ల అక్షరాల్లో ఒక చిన్న ముక్క ఎక్కడిదో క్షణాల్లో చెప్పే పనికి ఇప్పుడు ఆధారమైంది.

వృక్షం గీయడం ఇంకా కష్టం. వేరు (అంటే మూలం ఎక్కడో) చూపని వంశవృక్షాలు 10 జాతులకు 20,27,025 ఉంటాయి. 20 జాతులకు ఆ సంఖ్య 22 పక్కన 19 సున్నాలంత. అన్నిటినీ పరీక్షించడం కలలో మాట. తెలివైన దారి ఉందేమో అంటే, అతి తక్కువ మార్పులతో చరిత్రను వివరించే వృక్షాన్ని కనుక్కోవడం ఎన్‌పీ-కఠినమని, అంటే ఎప్పుడూ వేగంగా కచ్చితమైన జవాబిచ్చే పద్ధతి ఉంటుందని ఎవరూ ఆశించని రకమని, ఫోల్డ్స్, గ్రాహమ్ 1982లో చూపించారు. అంటే మీరు పత్రికల్లో చూసే జీవవృక్షాల్లో పెద్దవన్నీ ఉజ్జాయింపు వెతుకులాటతో దొరికినవే. కొమ్మల మీద వేసే నమ్మకపు అంకెలను చూడకుండా వృక్షాన్ని నమ్మకండి.

ఈ విభాగంలో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది క్యాబేజీ, టర్నిప్‌ల సంగతి. 1980లలో జెఫ్రీ పామర్ ఈ రెండు మొక్కల మైటోకాండ్రియా జన్యువులను పోల్చాడు. అక్షరాలు దాదాపు ఒకటే, వరస మాత్రం వేరు. క్రోమోజోములో ఒక ముక్క తెగి, తిరగబడి, అక్కడే అతుక్కుంటే వరస అలా మారుతుంది. మూడు తిరగబాట్లతో ఒకదాని వరస రెండోదిగా మారుతుందని తేలింది. మరి ఏ రెండు వరసలు ఇచ్చినా అతి తక్కువ తిరగబాట్లు ఎన్నో చెప్పగలమా? చిత్రం ఏమిటంటే దీని దాయాది సమస్య అప్పటికే మన వైపు ఉంది. దొంతరగా పేర్చిన అట్లను పైనుంచి కొన్నిటిని కలిపి తిప్పుతూ సైజు వరసలో పెట్టడానికి ఎన్ని తిప్పుళ్లు కావాలన్న లెక్కపై బిల్ గేట్స్ విద్యార్థి దశలో చేసిన పని, క్రిస్టోస్ పాపడిమిట్రియూతో కలిసి రాసిన పత్రంగా 1979లో వెలువడింది. జీవశాస్త్రపు రూపంలో సమస్య 1990లలో తేలింది. జన్యువు ఏ దిక్కుకు తిరిగి ఉందో తెలియకపోతే సమస్య ఎన్‌పీ-కఠినమని కాప్రారా 1997లో రుజువు చేశాడు. దిక్కు తెలిస్తే వేగంగా తేలిపోతుందని అంతకు రెండేళ్ల ముందే హానెన్‌హల్లి, పెవ్‌జ్నర్ చూపించారు. ఒక్కో జన్యువుకు ఒక్క బిట్ అదనపు సమాచారం, అంతే. ప్రయోగశాలలో దిక్కు కొలవడం సాధ్యమే. కాబట్టి ఏం కొలవాలో అల్గారిథమ్ సిద్ధాంతమే చెప్పినట్టయింది. సిద్ధాంతం అంటే పరీక్ష కోసం చదివేదని ఎవరైనా అంటే నేను ఈ ఉదాహరణే చెబుతాను.

ఈ వృక్షాలన్నీ ఎందుకు పనిచేస్తాయో కూడా చెప్పాలి. మన వైపు నుంచి వచ్చినవాళ్లు దాదాపు అందరూ తప్పటడుగు వేసేది ఇక్కడే. పరిణామం అంటే ఆప్టిమైజేషన్ అనుకుంటారు. 1968లో మోటూ కిమురా, అణువుల స్థాయిలో స్థిరపడే మార్పుల్లో అధిక భాగం మంచివీ కావు చెడ్డవీ కావు, కేవలం అదృష్టవశాత్తూ వ్యాపించినవని వాదించాడు. లెక్క చాలా అందంగా ఉంటుంది. జనాభాలో ఒక జన్యువుకు N ప్రతులు ఉంటే కొత్త తటస్థ మార్పులు దానికి తగ్గట్టే ఎక్కువ పుడతాయి. ఒక్కో మార్పు అందరికీ వ్యాపించే అవకాశం N లో ఒకటో వంతు. గుణిస్తే N ఎగిరిపోతుంది. జనాభా ఎంత ఉన్నా మార్పులు స్థిరపడే వేగం మ్యుటేషన్ల వేగానికి సమానం. గడియారంలా కొట్టుకునే ఈ తటస్థ మార్పుల వల్లే కాలాన్ని కొలవగలుగుతున్నాం. జెనెటిక్ అల్గారిథమ్ పాఠంలో ఈ మాటే రాదు.

ఇప్పుడు 'ఎన్ని అడుగుల్లో?' అనే ప్రశ్నకు వస్తాను. 1932లో సీవాల్ రైట్ కొండలూ లోయలూ ఉన్న నేల బొమ్మ ఒకటి ఇచ్చాడు. ఎత్తు అంటే ఫిట్‌నెస్. జనాభా ఎప్పుడూ ఎగువకే నడుస్తుంది. మరి జటిలమైన అవయవం లాంటి దూరపు శిఖరానికి ఎలా చేరుతుంది? దీనిపై 2003లో రిచర్డ్ లెన్స్‌కీ, చార్లెస్ ఓఫ్రియా, రాబర్ట్ పెన్నాక్, క్రిస్టఫ్ అదామీ చేసిన ప్రయోగాన్ని మించినది నాకు తెలియదు. అవిడా అనే వ్యవస్థలో తమను తాము నకలు తీసుకునే చిన్న ప్రోగ్రాములు ఉంటాయి. రెండు సంఖ్యల బిట్లు ఎక్కడెక్కడ సమానమో చెప్పే పనిని చేయగలిగితే వాటికి పెద్ద బహుమతి, అంటే ఎక్కువ ప్రాసెసర్ సమయం. ఆ పనికి కనీసం 19 ఆదేశాలు సరిగ్గా కూడాలి. ఇంతకన్నా తేలికైన తార్కిక పనులకు చిన్న బహుమతులు పెట్టినప్పుడు 50 జనాభాల్లో 23 ఆ కష్టమైన పనిని సాధించాయి. చిన్న బహుమతులు తీసేసి పెద్దదొక్కటే ఉంచితే 50లో ఒక్కటీ సాధించలేదు. ఇంకో విషయం నన్ను చాలా రోజులు ఆలోచింపజేసింది. గెలిచిన వంశాల్లో కొన్ని అడుగులు, పడినప్పుడు హానికరమైనవే. వెనక్కి వేసిన అడుగే తర్వాతి అడుగుకు దారి ఇచ్చింది. నిజమైన జీవుల్లో ఇలా ప్రతి తరాన్నీ దాచిపెట్టి, వెనక్కి తిప్పి, ఒక్కో మార్పును విడదీసి చూడటం సాధ్యం కాదు. కంప్యూటర్ ఇక్కడ ఉపమానంగా కాక ప్రయోగశాలగా పనిచేసింది.

మధ్య మెట్లు ఏవీ లేకపోతే? 1987లో జెఫ్రీ హింటన్, స్టీవెన్ నౌలన్ ఒక చిన్న నమూనా చూపించారు. 20 స్విచ్చులు. ఒక్క అమరికే సరైనది, మిగతా 10,48,575 అమరికలూ సమానంగా పనికిరానివి. గడ్డివాములో సూది. ఎగువ ఎటో చెప్పే వాలే లేదు. అయితే జన్యువులు కొన్ని స్విచ్చులను స్థిరంగా పెట్టి, మిగతావాటిని జీవితకాలంలో ప్రయత్నించి తెలుసుకోవడానికి వదిలేస్తే బొమ్మ మారిపోతుంది. ఉదాహరణకు పది స్విచ్చులు స్థిరంగా ఉండి, ఆ పదీ సరైనవైతే, మిగిలిన పదికి 1,024 అమరికలే. వెయ్యి ప్రయత్నాల్లో తగిలే అవకాశం బాగా ఉంది. త్వరగా తగిలినవాళ్లకు పిల్లలు ఎక్కువ. సూది చుట్టూ ఒక వాలు ఏర్పడుతుంది. నేర్చుకున్నది జన్యువుల్లోకి నేరుగా ఎక్కదు, అయినా నేర్చుకోగలగడం పరిణామానికి దారి చూపుతుంది. బాల్డ్విన్ అనే మనస్తత్వవేత్త 19వ శతాబ్దం చివర్లో చెప్పిన ఆలోచనే ఇది. నమూనా వచ్చేదాకా దాన్ని గట్టిగా పట్టించుకున్నవాళ్లు తక్కువ.

దీనికి ఎదురు వైపు కూడా ఉంది. దగ్గర్లోని శిఖరమైనా సరే, త్వరగా చేరగలమని ఎవరు హామీ ఇచ్చారు? మన సంక్లిష్టతా సిద్ధాంతంలో, స్థానిక శిఖరాన్ని కనుక్కోవడం కూడా కష్టమయ్యే సమస్యలు తెలుసు. ఆర్తెమ్ కజ్నాచెయెవ్ 2019లో ఆ ఫలితాలను ఫిట్‌నెస్ నేలలకు అన్వయించాడు. జన్యువులు ఒకదానిపై ఒకటి ప్రభావం చూపే కొన్ని నేలల్లో, శిఖరం ఉన్నా అక్కడికి చేరేందుకు పట్టే కాలం విశ్వం వయసునే మించిపోగలదు. చాలా వాదనలు 'ఈ జాతి ఇప్పటికే శిఖరం మీద ఉంది' అని అనుకుని మొదలవుతాయి. ఆ ఊహకు హామీ లేదు. లెన్స్‌కీ 1988లో మొదలుపెట్టిన 12 ఈ.కోలి బ్యాక్టీరియా జనాభాలను చూడండి. 50,000 తరాల తర్వాత కూడా, మారని ఆ చిన్న లోకంలో, వాటి ఫిట్‌నెస్ పెరుగుతూనే ఉంది. పెరుగుదల నెమ్మదిస్తుంది, కానీ ఎక్కడో ఆగే వక్రరేఖ కంటే ఆగని వక్రరేఖే ఆ అంకెలకు బాగా సరిపోతుందని 2013లో చూపారు. సిద్ధాంతమూ సీసాలోని బ్యాక్టీరియా ఒకే కారణం వల్ల అలా ఉన్నాయని నేను అనను. కానీ ఈ రెంటినీ కలిపి చదివాక 'శిఖరం' అనే మాట వాడేటప్పుడు నాకు జాగ్రత్త పెరిగింది.

అట్ల లెక్కలో కలిసిన పాపడిమిట్రియూ ఇక్కడ మళ్లీ కనిపిస్తాడు. ఆయన ప్రశ్న మన వైపు నుంచి పుట్టినదే. సిమ్యులేటెడ్ అనీలింగ్ ఒంటరి సంతానోత్పత్తి లాంటిది: ఒక్క పరిష్కారం, చిన్న చిన్న మార్పులు. క్రాసోవర్ ఉన్న జెనెటిక్ అల్గారిథమ్ లైంగిక సంతానోత్పత్తి లాంటిది. ఆచరణలో మొదటిదే తరచు మెరుగు. మరి ప్రకృతిలో లైంగికత ఎందుకింత వ్యాపించింది? అదృష్టంతో కుదిరిన చక్కటి జన్యువుల కలయికను తర్వాతి తరంలోనే విడగొట్టేస్తుంది కదా? ఆది లివ్‌నాట్, పాపడిమిట్రియూ, జోనథన్ దుషోఫ్, మార్కస్ ఫెల్డ్‌మన్ 2008లో ఇచ్చిన జవాబు ప్రశ్ననే మార్చేసింది. లైంగికత అత్యుత్తమ కలయికను ఎంచుకోదు. ఎవరితో జతపడినా బాగా పనిచేసే జన్యువును ఎంచుకుంటుంది. ఆ గుణానికి తెలుగులో అచ్చమైన మాట ఉంది, కలుపుగోలుతనం. కలయికలు విడిపోతూ ఉండటం ఇక్కడ నష్టం కాదు, పరీక్ష. 2014లో ఎరిక్ చాస్టేన్, లివ్‌నాట్, పాపడిమిట్రియూ, ఉమేశ్ వజిరాణి ఇంకో అడుగు వేశారు. వరణ ఒత్తిడి బలహీనంగా ఉన్నప్పుడు జన్యు జనాభా లెక్కలోని సమీకరణం, మనం ఆన్‌లైన్ లెర్నింగ్‌లో (సమాచారం వచ్చేకొద్దీ నేర్చుకునే పద్ధతుల్లో) వాడే మల్టిప్లికేటివ్ వెయిట్స్ పద్ధతితో అక్షరాలా ఒకటేనని చూపారు. బాగా పనిచేసిన దాని బరువును కొద్దిగా హెచ్చవేయడం, మిగతావాటిని పూర్తిగా వదలకపోవడం. అదే ఏడాది హింటన్ బృందం డ్రాపవుట్ పత్రంలో, న్యూరల్ నెట్‌వర్కులో శిక్షణ సమయంలో కొన్ని యూనిట్లను యాదృచ్ఛికంగా ఆపేయడం ఎందుకు మేలు చేస్తుందో వివరిస్తూ ఈ లైంగికత సిద్ధాంతాన్నే ప్రేరణగా పేర్కొన్నారు. ఏ తోటి యూనిట్ ఉంటుందో నమ్మకం లేనప్పుడు ప్రతి యూనిట్టూ ఎవరితోనైనా పనిచేయడం నేర్చుకుంటుంది. ప్రశ్న మన దగ్గర బయలుదేరి, జీవశాస్త్రంలో జవాబు సంపాదించుకుని, మళ్లీ మన దగ్గరికి పనిముట్టుగా వచ్చింది. చుట్టరికం నిజమా అని అడిగారు కాబట్టి ఇంత వివరంగా చెప్పాను.

ఇక ఫిట్‌నెస్ గురించి. ఏడ్రియన్ థాంప్సన్ 1990లలో మార్చుకోగల చిప్ మీద, 1 కిలోహెర్ట్జ్, 10 కిలోహెర్ట్జ్ ధ్వనులను వేరుచేసే సర్క్యూట్‌ను పరిణామంతో పుట్టించాడు. గడియారపు సంకేతం ఇవ్వలేదు. పని జరిగింది. కానీ అవుట్‌పుట్‌తో ఏ దారీ కలవని కొన్ని గడులను తీసేస్తే సర్క్యూట్ చెడిపోయింది. ఆ సిలికాన్ ముక్కకున్న భౌతిక గుణాలను అది వాడుకుంటోంది. నాకూ ఇలాంటిది అనుభవమైంది. అలైన్‌మెంట్ ఖర్చులను ఎంచడానికి ఒక ప్రోగ్రామ్ రాసి, ఎదురెదురు అక్షరాల్లో ఎన్ని శాతం పోలాయన్నదే ఫిట్‌నెస్‌గా ఇచ్చాను. కొన్ని తరాల్లోనే అది ఖాళీ ఖర్చును (అక్షరం ఎదుట ఖాళీ వదిలినందుకు వేసే ఖర్చును) సున్నాకు దించి, పోలని అక్షరాలన్నిటినీ ఖాళీల ఎదుట పెట్టేసి 100 శాతం చూపించింది. నేను అడిగిందే ఇచ్చింది. పరీక్ష మారకుండా ఉంటే ఇదే గతి. డానీ హిల్లిస్ 1990లో 16 సంఖ్యల సార్టింగ్ నెట్‌వర్కులను (సంఖ్యలను రెండేసి చొప్పున పోలుస్తూ వరసలో పెట్టే అమరికలను) పుట్టించేటప్పుడు, పరీక్షా ప్రశ్నలను కూడా పరాన్నజీవుల్లా పరిణమించనిచ్చాడు. ప్రశ్నలు మారనప్పుడు 65 పోలికల దగ్గర ఆగిన వెతుకులాట, అప్పుడు 61కి చేరింది. అప్పటికి మనుషులు కనుగొన్న అత్యుత్తమం 60.

ప్రొటీన్ల ఆకారాల సంగతి తెలిసినదే కాబట్టి క్లుప్తంగా చెబుతాను. ప్రొటీన్‌లో దూరదూరంగా ఉన్న రెండు స్థానాలు మడతపడ్డాక ఒకదాన్నొకటి తాకుతుంటే, ఒకటి మారినప్పుడు రెండోది కూడా సర్దుకోవాలి. వందల జాతుల్లోని అదే ప్రొటీన్‌ను వరసగా పేర్చి చూస్తే, కలిసి మారే నిలువు వరసలు కనిపిస్తాయి. ప్రొటీన్ ఆకారాన్ని ఊహించే 2020 నాటి ఆల్ఫాఫోల్డ్ ప్రోగ్రామ్‌కు అందే ముఖ్యమైన సమాచారం అదే. ఆ పనికి డెమిస్ హసబిస్, జాన్ జంపర్ 2024 రసాయన నోబెల్‌లో పాలుపంచుకున్నారు. న్యూరల్ నెట్‌వర్క్ గొప్పదే, అందులో సందేహం లేదు. అయితే అది చదివిన పాఠం కోట్ల ఏళ్లుగా ప్రకృతి చేసిన ప్రయోగాల చిట్టా.

ఎక్కడ మొదలుపెట్టాలన్నారు. జెనెటిక్ అల్గారిథమ్ లైబ్రరీ తెరవకండి. ముందు జనాభా జన్యుశాస్త్రం, దానికి కావలసినంత సంభావ్యత చదవండి. నీడిల్‌మన్-వున్ష్ పట్టికను ఒకసారి కాగితం మీద చేత్తో నింపండి. హింటన్-నౌలన్ నమూనాను మీరే రాయండి, ఒక సాయంత్రం చాలు. అన్నిటికంటే ముందు రైట్-ఫిషర్ నమూనా రాయండి, ముప్పై వరుసలు దాటదు. 100 మంది ఉండే జనాభా, ఒక్కొక్కరికీ ఒకే జన్యు ప్రతి. ప్రతి తరంలో కొత్త 100 మందిని పాత తరం నుంచి యాదృచ్ఛికంగా ఎంచుకోండి. ఒక్కరిలో కొత్త తటస్థ మార్పు పెట్టి, అది అందరికీ వ్యాపించేదాకా లేదా పోయేదాకా నడపండి. పదివేల సార్లు నడిపితే నూటికి ఒకసారి గెలుస్తుంది. ఇప్పుడు ఆ మార్పుకు 1 శాతం మేలు ఇవ్వండి. ఎన్నిసార్లు గెలుస్తుందో నడపకముందే ఒక అంకె ఊహించి కాగితం మీద రాసుకోండి. నా దగ్గర పనిచేయడానికి వచ్చిన విద్యార్థులు దాదాపు అందరూ నూటికి యాభై పైనే రాశారు. వచ్చేది నూటికి రెండుకు కాస్త పైన. మేలైన మార్పుల్లో చాలా భాగం పుట్టిన కొద్ది తరాల్లోనే కేవలం దురదృష్టం వల్ల అంతరించిపోతుంది. జనాభాను పదివేలకు పెంచి మళ్లీ నడపండి. అది ఇంకా నూటికి రెండు దగ్గరే ఎందుకు నిలిచిందో మీకై మీరు లెక్కగట్టి, ఆ లెక్క ఇక్కడ రాయండి. తర్వాత ఏం చదవాలో దాన్ని చూసి చెబుతాను.